కెమెరా నిలబడిన చోటు

మా ఆయన తీసే సినిమాల్లో మనుషులకు ముఖాలుండవని మా అత్తయ్య ఫిర్యాదు. “వీపులూ మెడలూ చూడ్డానికి హాలుదాకా ఎందుకురా? నా బండి ముందు వరసలో నిలబడితే ఊరందరి వీపులూ ఊరికే కనిపిస్తాయి” అనేది. మా రేవు ఊరు కీలుంగ్‌లో, గుడి బజారులో ఆవిడకు చేప ఉండల చారు బండి ఉంది. మధ్యాహ్నం పన్నెండింటికి వెళితే రాత్రి పదింటికి గానీ ఇల్లు చేరదు. కొడుకు తీసిన సినిమా ఒక్కటీ కూర్చుని చూసిన పాపాన పోలేదు.

ఆవిడ ఎగతాళి ఎలా ఉన్నా, చిన్న సినిమాల లోకంలో గ్వాన్‌లియాంగ్ అంటే పేరున్న కెమెరామన్. ఒక ఇల్లు, ఇద్దరు మనుషులు, ఒక మధ్యాహ్నం, ఇరవై నిమిషాలు. అలాంటి సినిమాలే అతనికి ఇష్టం. లైట్లు పెట్టడు. కిటికీకి ఒక తెల్ల దుప్పటి కడతాడు, అంతే. బియ్యం కడిగే చేతులు, జుట్టు ముడేసుకుంటుంటే బయటపడే మెడ, మంచం అంచున కూర్చున్న మనిషి వెన్ను. చూసేవాళ్లకు ఆ ఇంట్లోనే పుట్టి పెరిగినట్టు ఉంటుంది.

అతనికి ఒక నియమం ఉంది. మనిషి నిలబడలేని చోట కెమెరా నిలబడకూడదు. పైకప్పుకు వేలాడదీయడు, చోటు చాలలేదని గోడ తీయించడు. కెమెరా పెట్టే ముందు “ఇక్కడ ఎవరున్నారు?” అని తనే అడిగి తనే జవాబు చెబుతాడు. పిల్లి అంటే కెమెరా నేలమీదికి దిగుతుంది. ముసలమ్మ అంటే కుర్చీ ఎత్తుకు వస్తుంది. జవాబు దొరక్కపోతే ఆ షాట్ లేదు. ఎంత అందంగా ఉన్నా లేదు.

నేను అతని ఫోకస్ మనిషిని. లెన్సుకూ నటి కంటికీ మధ్య టేపు పట్టి కొలుస్తాను. ఆమె అంగుళం ముందుకు వంగితే నా వేలి కింద రింగు దానికి తగ్గట్టు తిరగాలి. పెళ్లయి ఏడేళ్లు, ఈ పనికి ఎనిమిదేళ్లు. మొగుడి కంటే ముందు అతని కెమెరా నాకు పరిచయం. ఇంట్లో కూడా మాకు ఇదే ఆట. నేను పళ్లు తోముకుంటుంటే వెనక నుంచి “అద్దానికీ నీకూ ఎంత?” అంటాడు. “అరవై రెండు సెంటీమీటర్లు” అంటాను. టేపు పెడితే అరవై రెండే ఉంటుంది. మా ఇంట్లో ఏ మూల నుంచి ఏ మూలకు ఎంత దూరమో నాకు కంఠతా వచ్చు.

నిరుడు మే నెలలో, ముసురు పట్టిన మూడో రోజో నాలుగో రోజో, హాన్‌యూ మా ఇంటికొచ్చింది. ఇరవై ఏడేళ్ల పిల్ల, దర్శకురాలిగా ఆమెకది రెండో సినిమా. సోమవారం బండి ఉండదు కాబట్టి అత్తయ్య ఇంట్లోనే ఉంది. గడప తొక్కినవాళ్లకు గిన్నె నింపి ఇవ్వనిదే ఆవిడ నోరు విప్పనివ్వదు.

“కథేంటమ్మా?” అని అడిగింది, హాన్‌యూ గిన్నెలో నాలుగో చేప ఉండ వేస్తూ.

“పెద్ద కథేం లేదు ఆంటీ. ఒకమ్మాయికి కడుపు పోతుంది. మొగుడు ఊళ్లో ఉండడు. ఇంట్లో ఒక్కతే. ఆ ఒక్క సాయంత్రమే సినిమా.”

 మా ఇంట్లో జరిగింది హాన్‌యూకు తెలీదు పాపం. గ్వాన్‌లియాంగ్‌కు తెలుసు. కథ వారం కిందటే చదివాడు, నాతో ఒక్క ముక్క అనలేదు.

“మంచాలేమైనా జరిపిందా ఆ అమ్మాయి?” అంది అత్తయ్య.

“అంటే?”

“కడుపుతో ఉండి మంచాలూ బీరువాలూ జరిపిందా అని. జరిపితే నిలుస్తుందా మరి.”

బిడ్డను కాచే దేవుడు ఒక్కో రోజు ఇంట్లో ఒక్కో చోట ఉంటాడట. ఇవాళ మంచం కింద, రేపు తలుపు మూల, ఎల్లుండి పొయ్యి పక్కన. ఆ చోటు కదిలిస్తే అలిగి వెళ్లిపోతాడు. పెద్దవాళ్లు అందుకే కడుపుతో ఉన్నవాళ్లను మేకు కొట్టనివ్వరు, కుర్చీ లాగనివ్వరు. నేనేమో అప్పట్లో షూటింగుల్లో రోజుకు మూడు మంచాలు జరిపేదాన్ని. అప్పటికి మూడేళ్ల కిందట, అతను షూటింగుకని తైచుంగ్ ఊరెళ్లినప్పుడు, పదో వారంలో నాకు పోయింది. ఆస్పత్రి డాక్టరమ్మ “నువ్వు చేసినదాని వల్ల కాదు” అని రెండుసార్లు చెప్పింది. అత్తయ్యకు ఆ మాట ఒక చెవిన పడి ఇంకో చెవిన పోయింది. ఆవిడ దగ్గర నా మీద మూడు నేరాలున్నాయి. మంచం జరిపాను. ఒంట్లో ఆ స్థితిలో చన్నీళ్లలో చేతులు పెట్టి బట్టలుతికాను. అన్నిటికంటే పెద్దది, ఎవరికీ ఫోన్ చెయ్యలేదు. “నాకు చెయ్యకపోతే మానె. వాడికి ఒక్క మాట చెప్పుంటే రెక్కలు కట్టుకుని వాలేవాడు కాదూ!” ఇలా అంటూనే నెల రోజులు నువ్వుల నూనెలో కోడి వండి, గిన్నె ఖాళీ అయ్యేదాకా ఎదురుగా కూర్చునేది. తిట్టేదీ తినిపించేదీ ఆవిడే కాబట్టి నాకు ఎదురు చెప్పడం చేతకాలేదు. ఫోన్ ఎందుకు చెయ్యలేదో నాకూ తెలీదు. చేసుంటే అని ఆ మూడేళ్లూ నేనూ అనుకుంటూనే ఉన్నాను.

“చారు చల్లారిపోతోందమ్మా” అన్నాడు గ్వాన్‌లియాంగ్. తల వంచుకుని తన గిన్నె ఖాళీ చేశాడు.

హాన్‌యూ వెళ్లాక అడిగాను, ఈ సినిమా ఒప్పుకోక తప్పదా అని. “నువ్వు వద్దంటే మానేస్తాను” అన్నాడు. పనే కదా, చేద్దాం అన్నాను. అనకుండా ఉండాల్సిందో, అని మంచి పని చేశానో ఇప్పటికీ తేల్చుకోలేకపోతున్నాను.

జూన్ మొదటి వారంలో షూటింగు. రేవు వెనక పాత నావికుల ఇళ్లలో ఒకటి అద్దెకు తీసుకున్నారు. నింగ్ అనే అమ్మాయి నటిస్తోంది. నాటకాల పిల్ల, బిగ్గరగా నవ్వుతుంది, తింటూనే ఉంటుంది, కెమెరా ముందు మాత్రం నీళ్లలా మారిపోతుంది. మొదటి రెండు రోజులూ హాయిగానే గడిచాయి. వంటగది షాటుకు “ఇక్కడ ఎవరున్నారు లియాంగ్ అన్నా?” అని హాన్‌యూ అడిగితే, “పక్కింటి పిల్లి. నిన్న చేప దొరికింది, ఇవాళ కూడా దొరుకుతుందేమోనని చూస్తోంది” అన్నాడు. అందరం నవ్వాం.

మూడో రోజు స్నానాల గది. స్క్రిప్టులో హాన్‌యూ రాసింది రెండు వాక్యాలు: ఆమె బట్టలు ఉతుకుతుంది. ఏడవదు. మిగతాదంతా అతనికి వదిలేసింది.

ఆ పొద్దున గ్వాన్‌లియాంగ్ నాకంటే గంట ముందు వెళ్లాడు. నేను వెళ్లేసరికి అన్నీ సిద్ధంగా ఉన్నాయి. వసారాలో ట్రైపాడ్, మనిషి కంటి ఎత్తున. స్నానాల గది తలుపు జానెడు తెరిచి ఉంది. ఆ జానెడులోంచి సగం అద్దం, బట్టల మెషిన్ అంచు, ఒక పొట్టి ప్లాస్టిక్ పీట, దాని ముందు బేసిన్. పీట మీద నింగ్ అటు తిరిగి కూర్చుంది, ఒళ్లో చేతులు అద్దంలో కనిపిస్తున్నాయి. కిటికీలోంచి వచ్చే వాన వెలుతురు ఆమె మెడ మీద పడుతోంది. మగవాడి చొక్కా, తెల్లది, బేసిన్‌లో ఉంది.

నింగ్‌కు ఒక కాలికే చెప్పు ఉంది.

అప్పటికి కూడా నాకు ఏమీ తట్టలేదు. టేపు తీసి లెన్సు పక్కన కొక్కేనికి తగిలించి, తలుపు సందులోంచి లోపలికి వెళ్లి నింగ్ మెడదాకా లాగాను. రెండు మీటర్ల పద్నాలుగు. చాక్‌పీసుతో గుర్తు పెట్టుకోబోయి ఆగాను. ఈ అంకె నాకు తెలుసు. మా వసారాలో బూట్ల అర దగ్గర నిలబడితే మా స్నానాల గదిలో పీటకు రెండు పద్నాలుగు.

అంకెలదేముంది, ఒక ఇంట్లో ఉన్నది ఇంకో ఇంట్లో ఉండకూడదా అనుకున్నాను.

“ఒకసారి చేసి చూద్దాం” అన్నాడు గ్వాన్‌లియాంగ్. “నింగ్, ఉతుకు. కుళాయి కట్టెయ్యకు. ఉతికాక పిండకు. తడి చొక్కా అలాగే ఒళ్లో పరుచుకో. పరుచుకుని గుండీలు పెట్టు.”

“గుండీలా? తడి చొక్కాకా?”

“పైనుంచి కిందిదాకా. అన్నీ. తొందరలేదు. ఒకటి తప్పుతుంది, మళ్లీ విప్పి పెట్టు.”

నింగ్ చేసింది. ఒళ్లో చొక్కా పరిచింది. కాలరు సర్దింది. పై గుండీ పెట్టింది, రెండోది పెట్టింది. మూడోది తప్పు కన్నంలో పెట్టి, విప్పి, మళ్లీ పెట్టింది. నీళ్లు ఆమె మోకాళ్ల మీదుగా కారుతున్నాయి.

నా వెనక హాన్‌యూ గుసగుసగా అంది: “ఎక్కడ్నుంచి వస్తాయన్నా నీకివన్నీ?”

 నాకు పోయిన ఆ రోజు నేను అతని చొక్కా వేసుకున్నాను, నాకూ ఒక కాలికే చెప్పు ఉంది. నెత్తురైన ఆ చొక్కానే ఉతికాను. ఉతికి, ఒళ్లో పరుచుకుని, ఎందుకో తెలీదు, గుండీలన్నీ పెట్టాను. మూడోది తప్పింది. ఈ సంగతి ఎవరికీ చెప్పలేదు. చెప్పడానికి ఏముంది అందులో? పిచ్చిపని. ఆ సాయంత్రం నేను చేసినవాటిలో ఎవరూ చూడలేదు కదా అని నన్ను నేను క్షమించుకున్న పిచ్చిపని అదొక్కటే.

“ఇక్కడ ఎవరున్నారు అన్నా?” అంది హాన్‌యూ మామూలుగా.

గ్వాన్‌లియాంగ్ కెమెరా మీద చెయ్యి వేసి నిలబడ్డాడు. “ఎవరూ లేరు” అన్నాడు.

ఎనిమిదేళ్లలో అతని నోట ఆ జవాబు వినడం అదే మొదటిసారి. హాన్‌యూ పట్టించుకోలేదు. నేను అతని వైపు చూశాను. అతను లెన్సు తుడుస్తున్నాడు. తుడిచిన లెన్సునే మళ్లీ తుడుస్తున్నాడు.

మొదటి టేకు పాడు చేశాను. నా వేలు రింగు మీదే ఉంది కానీ తిరగలేదు. మానిటర్లో నింగ్ మెడ మసకగా, వెనక గోడ మీది పలకలు మాత్రం స్పష్టంగా కనిపించాయి. హాన్‌యూ మంచి పిల్ల. “అక్కా, పొద్దున్నుంచీ ఏమీ తినలేదు నువ్వు. ముందు భోజనాలు కానిద్దాం” అంది.

అందరూ పెట్టె భోజనాలు తీసుకుని ముందు గదిలోకి వెళ్లారు. నేను వెనక మెట్ల మీదికి వెళ్లాను. అతను నా వెనకే వచ్చాడు. రేకుల మీద వాన కురుస్తోంది.

“ఎప్పుడొచ్చావు?” అన్నాను.

ఏ రోజు గురించి అని అతను అడగలేదు. అడిగుంటే బాగుండేది. ఇంకో నిమిషం అయినా నాకు అనుమానం మిగిలేది.

“తైచుంగ్‌లో వాన వల్ల షూటింగు ఆపేశారు. అయిదింటికల్లా ఇంటికొచ్చాను.”

“మర్నాడు పదకొండింటికి వచ్చావు కదా. బ్యాగుతో. తీపి రొట్టెల డబ్బాతో.”

“మళ్లీ వచ్చాను.”

ఆ పదకొండింటికి నేను తలుపు తీసి విషయం చెబితే గొడుగు జారవిడిచి నన్ను పట్టుకుని ఏడ్చాడు. నేనే ఓదార్చాను. మూడేళ్లుగా మా కాపురంలో నాకు ఎంతో విలువైనది ఏమిటని ఎవరైనా అడిగితే ఆ ఏడుపే అని చెప్పేదాన్ని.

“ఎంతసేపు నిలబడ్డావు?”

“నువ్వు లేచేదాకా.”

“చీకటి పడ్డాక లేచాను నేను.”

“ఊఁ.”

“లోపలికెందుకు రాలేదు లియాంగ్?”

 చేతిలో పెట్టె భోజనం మూత తీయకుండా పట్టుకుని ఉన్నాడు.

“వద్దామనే చెప్పులు విడిచాను. నీ మెడ మీద వెలుతురు పడుతోంది. తగ్గుతోంది. ఎంతలో తగ్గిపోతుందా అని చూస్తున్నాను. గుండీలు పెట్టడం మొదలెట్టావు. కదిలితే ఆపేస్తావని… నేనేం చేస్తున్నానో నాకు తెలిసేసరికి చాలాసేపయింది, పెయ్‌రూ. అప్పుడింక ఏ మొహం పెట్టుకుని లోపలికి రాను?”

కోపం వస్తుందేమోనని చూశాను. రాలేదు.  నేను ఒంటరిగా ఉన్నాననుకున్న గదిలో ఒంటరిగా లేను. ఏడవలేదని అప్పుడప్పుడూ గర్వపడేదాన్ని. ఆ గర్వానికీ ఒక ప్రేక్షకుడున్నాడు. అతని సినిమాల్లోని ఆ దగ్గరితనం, ఆ మెడలు, ఆ వంగిన వెన్నులు, వాటిని జనం మెచ్చుకుంటుంటే నేనూ చప్పట్లు కొట్టాను. దీపం కింద చీకటి అంటారు. నేను ఆ దీపం పక్కనే కూర్చుని టేపు పట్టాను.

“మీ అమ్మకు చెప్పు” అన్నాను.

“ఏమని?”

“ఆ రోజు వచ్చానని. ఫోన్ చెయ్యక్కర్లేకుండానే వచ్చానని. నాకు ఇంకేమీ వద్దు.”

“చెప్తాను. ఈ సినిమా అవనీ.”

భోజనాలయ్యాక అతను హాన్‌యూ దగ్గరికి వెళ్లి ఒక మాట అన్నాడు. ట్రైపాడ్ తీసేద్దామన్నాడు. కెమెరా భుజాన పెట్టుకుని, తలుపు తోసుకుని, నెమ్మదిగా లోపలికి వెళ్లి పీట పక్కన కూర్చుంటానన్నాడు.  హాన్‌యూకు అది నచ్చినట్టే ఉంది.

“ఎవరు వెళుతున్నారు లోపలికి?” అన్నాను. అతని ప్రశ్న అతనికే వేశాను.

“భర్త” అన్నాడు.

“స్క్రిప్టులో భర్త ఊళ్లో లేడు కదన్నా” అంది హాన్‌యూ.

“కెమెరా ఉన్నచోటే ఉండనీ” అన్నాను. “ఆవిడ దగ్గరికి ఎవరూ రాలేదు.”

హాన్‌యూ నా మొహంకేసి, అతని మొహంకేసి చూసింది. ఏదో ఉందని తెలిసింది కానీ ఏమిటో తెలీలేదు. “అక్క చెప్పిందే కరెక్టు” అంది. రెండో టేకు తీశాం. రెండు పద్నాలుగు. నింగ్ వంగితే వంగినంత తిప్పాను. ఒక్క గుండీ కూడా మసకబారలేదు. టేకు అయ్యాక నింగ్ బయటికొచ్చి, “అక్కా, నువ్వెందుకేడుస్తున్నావ్?” అంది. ఏడుస్తున్నట్టు నాకు తెలీదు.

షూటింగు అయింది. అతను చెప్పలేదు. ఎడిటింగ్ అయ్యాక చెప్తానన్నాడు. ఎడిటింగ్ కూడా అయింది. జూన్ చివర ముసురు విడిచి ఎండలు ముదిరాయి. బండి లేని ప్రతి సోమవారం ముగ్గురం ఒకే బల్ల దగ్గర తింటాం. ఒక సోమవారం పక్కింటి కోడలు కడుపుతో ఉందని కబురొచ్చింది. “ఆ పిల్ల బుద్ధిమంతురాలు, మంచం దిగడం లేదట” అంది అత్తయ్య. నేను అతని వైపు చూశాను. అతను కూర వడ్డించుకున్నాడు.

నేనే చెప్పెయ్యచ్చు కదా అంటారేమో. నేను చెబితే అది కోడలి ఫిర్యాదు. ఆవిడ నమ్మదు, పైగా కొడుకు మీద నింద వేశానని నాలుగో నేరం రాసుకుంటుంది. అతను చెబితేనే అది నిజమవుతుంది. ఆ వేసవంతా నాకు ఒకటే పని. ఆవిడ ఏదో ఒకటి అనగానే అతని నోటికేసి చూడడం.

జూలై ఆఖరి ఆదివారం మధ్యాహ్నం, రేవు పక్కన పాత గిడ్డంగిలో సినిమా వేశారు. తొంభై కుర్చీలు. అత్తయ్యను నేను తీసుకెళ్లాను. “ఆదివారం బేరం వదులుకుని వీపులు చూడాలా?” అని సణిగింది. “ఈ ఒక్కసారికి రండత్తయ్యా” అన్నాను. ఎప్పుడూ ఏదీ అడగనిదాన్ని అడిగేసరికి ఎర్ర పూల చొక్కా వేసుకుని బయల్దేరింది. ఆవిడ వస్తుందని అతనికి చెప్పలేదు. వేదిక పక్కన హాన్‌యూతో నిలబడి మమ్మల్ని చూసి, చేతిలో నీళ్ల సీసా కింద పెట్టేశాడు.

వంటగది షాటుకు అత్తయ్య ఆవులించింది. మంచం షాటుకు “ఆ పిల్ల మొహం చూపిస్తే వీడి సొమ్మేం పోయింది” అంది. తర్వాత వసారా వచ్చింది, జానెడు తలుపు వచ్చింది. కుళాయి చప్పుడు హాలంతా నిండింది. అత్తయ్య ముందుకు వంగి కూర్చుంది.

ఆవిడ ఇరవై ఆరేళ్లుగా మా వసారా తుడుస్తోంది. బూట్ల అర దగ్గర నడుం ఎత్తితే తలుపు సందులోంచి ఏం కనిపిస్తుందో నా టేపు కంటే ఆవిడకే బాగా తెలుసు. సగం అద్దం, మెషిన్ అంచు, పీట.

“ఇది మనిల్లేనా?” అంది మెల్లగా.

“కాదత్తయ్యా. అద్దెకు తీసుకున్న ఇల్లు.”

“మరి మన వసారాలోంచి చూసినట్టుందేం?”

 తెర మీద నింగ్ గుండీలు పెడుతోంది. అత్తయ్య తెర వంక, నా వంక, మళ్లీ తెర వంక చూసింది. మూడేళ్ల కిందట, నాకు పోయిన రోజు రాత్రి పదింటికి ఆవిడ ఇంటికొచ్చేసరికి స్నానాల గది కొక్కేనికి ఆ తడి చొక్కా వేలాడుతోంది, మెడ నుంచి కిందిదాకా గుండీలు పెట్టి. “ఇదేం ఆరెయ్యడమే?” అని ఆవిడే అడిగింది. ఆవిడ అలా అడిగిన సంగతి నాకు ఆ క్షణందాకా గుర్తే లేదు. ఆవిడకు గుర్తుంది. చీకట్లో నా మణికట్టు పట్టుకుంది. చేపలు తరిగి తరిగి గరుకెక్కిన చెయ్యి అది.

సినిమా అయ్యాక చప్పట్లు, తర్వాత ప్రశ్నలు. కళ్లజోడు పెట్టుకున్న ఒక కాలేజీ అమ్మాయి మైకు తీసుకుంది. స్నానాల గది షాటు తనకు చాలా నచ్చిందని చెప్పింది. కెమెరా గుమ్మం దాటకపోవడం ఎంత మర్యాద, ఎంత గౌరవం అంది. “మీరు కెమెరా పెట్టిన చోట ఎవరో ఒకరు ఉంటారట కదా. అక్కడ ఎవరున్నారండీ?”

అతను మైకు అందుకున్నాడు. పిల్లి అంటాడనుకున్నాను. గోడ అంటాడనుకున్నాను. అతను మా వరస వైపు చూశాడు. తల్లి చెయ్యి నా మణికట్టు మీద ఉండడం చూశాడు.

“భర్త” అన్నాడు.

ఆ అమ్మాయి కాగితాలు తిరగేసింది. “కానీ కథలో భర్త ఊళ్లో లేడు కదండీ?”

“లేనని చెప్పాడు.”

హాల్లో ఒకరిద్దరు బాగుంది అన్నట్టు తలలూపారు. ఎవరో రాసుకున్నారు. హాన్‌యూ చటుక్కున అతని వైపు తిరిగింది, తర్వాత తొంభై కుర్చీల మీదుగా నన్ను వెతుక్కుంది. ఆ మాట కోసం రెండు నెలలు కాచుకున్నదాన్ని, వింటే గుండె తేలికవుతుందనుకున్నదాన్ని, కొయ్యబారిపోయి కూర్చున్నాను. నిజం నాకు ముందే తెలుసు. అయినా బయటికి వినబడగానే మళ్లీ కొత్తగా తగిలింది.

 తర్వాతి ప్రశ్న ఎవరో అడుగుతున్నారు.

“నిన్ను నేను అన్నవన్నీ వాడి ఎదురుగానే అన్నాను కదే” అంది అత్తయ్య.

“అవునత్తయ్యా.”

“ఒక్కసారైనా వద్దనలేదు వాడు.”

“అనలేదు.”

జనం లేచారు. అతను వేదిక దిగి, పొగిడేవాళ్లను తప్పించుకుంటూ మా వరస దగ్గరికొచ్చి నిలబడ్డాడు. ముందు నా వంక చూశాడు, నేను చూపు తిప్పుకున్నాను. అప్పుడు తల్లి వంక చూశాడు. తిడుతుందని సిద్ధపడి ఉన్నాడు. నోరు మంచిది కాదని బజారంతా పేరున్న మనిషి ఆవిడ.

“ఆ రోజు రాత్రి ఎక్కడున్నావురా?” అంది, బేరగాళ్లను పలకరించినంత మామూలుగా.

“స్టేషన్లో అమ్మా. బెంచీ మీద.”

“భోజనం?”

అతను నేలచూపులు చూశాడు. “అక్కడే. పెట్టె భోజనం.”

“తిన్నావన్నమాట” అంది అత్తయ్య.

తర్వాత నా మణికట్టు వదలకుండానే లేచి, ఎర్ర చొక్కా సర్దుకుని, “పద పెయ్‌రూ, మనం వెళదాం” అంది. అతను పక్కకు జరిగి మాకు దారిచ్చాడు.